హార్డ్ రాక్ గోడ నుంచి పుట్టపర్తి దాకా: రాక్ సంగీతం, మత్తు, విముక్తి

పుట్టపర్తి పొలిమేరలో, ప్రశాంతిగ్రామం దగ్గర, గుమ్మటాలతో రాజభవనంలా కనిపించే కట్టడం ఒకటి ఉంది. కాగితాల మీద దాని పేరు శ్రీ సత్యసాయి ఉన్నత వైద్య విజ్ఞాన సంస్థ. జనం మాత్రం సూపర్ స్పెషాలిటీ ఆసుపత్రి అనే అంటారు. 1991 నవంబరు 22న నాటి ప్రధాని పి.వి. నరసింహారావు దాన్ని ప్రారంభించారు. గుండె ఆపరేషన్లు, మూత్రపిండాల చికిత్స రోగి దగ్గర పైసా తీసుకోకుండా చేస్తారు. ఏడాదికి 550 మిల్లీమీటర్ల వానకే ఆశపడి వేరుశనగ వేసుకునే అనంతపురం మెట్ట మీద అంతటి ఆసుపత్రి లేవడం ఆ రోజుల్లో ఎవరూ నమ్మలేని సంగతి. దాన్ని కట్టిన డబ్బులో పెద్ద భాగం లండన్‌లోని ఒక హాంబర్గర్ హోటల్ నుంచి వచ్చింది. ఆ హోటల్ గోడల మీద రాక్ సంగీతకారుల గిటార్లు వేలాడేవి. మొదటి రెండు గిటార్ల యజమానులిద్దరూ మత్తులో మునిగి తేలినవాళ్లే.

ఆ హోటల్ హార్డ్ రాక్ కెఫే. 1971 జూన్ 14న ఐజాక్ టిగ్రెట్, పీటర్ మార్టన్ అనే ఇద్దరు అమెరికన్ కుర్రవాళ్లు లండన్ ఓల్డ్ పార్క్ లేన్‌లో తెరిచారు. హైదరాబాదు బంజారాహిల్స్‌లోనూ బెంగళూరు సెయింట్ మార్క్స్ రోడ్డులోనూ శాఖలు వచ్చాయి గనక తెలుగు పాఠకులకు ఆ పేరు కొత్త కాదు. అక్కడికి తరచూ వచ్చే ఎరిక్ క్లాప్టన్, తాను కూర్చునే చోటు తనదేనని గుర్తుగా గోడకు ఒక ఎర్ర గిటారు తగిలించమన్నాడు. వారం తిరక్కుండా ‘ద హూ’ బృందం గిటారిస్టు పీట్ టౌన్‌షెండ్ తన గిటారూ పంపించి, ఇదేం దానికి తీసిపోదని చీటీ రాశాడు. 1979 నాటి ముచ్చట ఇది. అప్పటికి క్లాప్టన్ హెరాయిన్ వదిలి మందుకు దాసుడయ్యాడు. టౌన్‌షెండ్‌కు అసలు కష్టకాలం ఇంకా రాలేదు.

మత్తు ఎక్కడ మొదలైంది

రాక్ సంగీతం 1950లలో అమెరికా నల్లజాతి వాళ్ల బ్లూస్ నుంచి పుట్టి, 1960లలో బ్రిటన్ కుర్రకారు చేతుల్లో పెరిగింది. మత్తు మొదట విలాసంగా రాలేదు, పని సరుకుగా వచ్చింది. బీటిల్స్ పేరు తెచ్చుకోకముందు, 1960-62 మధ్య జర్మనీలోని హాంబర్గ్ బార్లలో రాత్రంతా పాడాల్సి వచ్చేది. నిద్ర ఆపుకోవడానికి ప్రెలుడిన్ అనే, ఒళ్లు తగ్గడానికి వాడే మాత్రలు మింగేవాళ్లు. తర్వాత గంజాయి, ఎల్ఎస్డీ. డబ్బు పెరిగాక హెరాయిన్, కొకైన్. వీటన్నిటికీ వెనక ఎప్పుడూ ఉన్నది మద్యం. దాన్ని ఎవరూ మత్తుమందుగా లెక్కపెట్టలేదు. మన దగ్గరా అంతే.

1970 సెప్టెంబరు 18న జిమీ హెండ్రిక్స్, అక్టోబరు 4న జానిస్ జాప్లిన్, మరుసటి ఏడాది జులై 3న జిమ్ మారిసన్ పోయారు. ముగ్గురికీ 27 ఏళ్లే. ఎడమచేతి వాటం వాడైన హెండ్రిక్స్‌కు ఇద్దామని క్లాప్టన్ ఎడమచేతి గిటారు ఒకటి కొన్నాడు. ఆ రాత్రి వాళ్లిద్దరూ కలుసుకోలేదు. తెల్లవారి హెండ్రిక్స్ చనిపోయాడన్న కబురు వచ్చింది. ఆ చావు క్లాప్టన్‌ను భయపెట్టి ఆపిందా అంటే లేదు. హెరాయిన్ ఊబిలోకి అతను దిగింది సరిగ్గా ఆ కాలంలోనే. స్నేహితుడి చావు చూసైనా బుద్ధి రాలేదా అని బయటివాళ్లు అడుగుతారు. వ్యసనం సంగతి తెలిసినవాళ్లు ఆ ప్రశ్న వేయరు.

క్లాప్టన్

ఎరిక్ క్లాప్టన్ 1945 మార్చి 30న ఇంగ్లండులోని రిప్లీ అనే పల్లెలో పుట్టాడు. పెళ్లికాని పదహారేళ్ల పిల్ల తల్లి. అమ్మమ్మ, ఆమె భర్త పెంచారు. వాళ్లే అమ్మానాన్నలనీ, కన్నతల్లి అక్క అనీ నమ్ముతూ పెరిగాడు. నిజం తెలిసింది తొమ్మిదేళ్లప్పుడు. 1963లో యార్డ్‌బర్డ్స్ బృందంలో చేరాడు. ఇరవై రెండేళ్లు రాకముందే లండన్ గోడల మీద ‘క్లాప్టన్ దేవుడు’ అని ఎవరో రాశారు. 1966లో క్రీమ్ బృందం, 1970లో ‘లైలా’ పాట. ఆ పేరు పర్షియన్ కవి నిజామీ చెప్పిన లైలా మజ్నూ కథలోది. క్లాప్టన్ లైలా అతని స్నేహితుడు జార్జ్ హారిసన్ భార్య పాటీ బాయిడ్. ఆమె అప్పుడు రాలేదు.

1971 నుంచి మూడేళ్లు క్లాప్టన్ సర్రేలోని తన ఇంట్లో తలుపులేసుకున్నాడు. తోడుగా ఆలిస్ ఆమ్స్‌బీ గోర్ అనే సంపన్న కుటుంబపు యువతి. ఇద్దరూ హెరాయిన్‌కు బానిసలే. మధ్యలో రెండుసార్లు బయటికి వచ్చాడు. 1971 ఆగస్టు 1న పండిట్ రవిశంకర్, హారిసన్ కలిసి న్యూయార్క్‌లో చేసిన బంగ్లాదేశ్ కచేరీలో నిలబడలేక నిలబడి వాయించాడు. 1973 జనవరి 13న టౌన్‌షెండ్ పట్టుబట్టి లండన్ రెయిన్‌బో థియేటర్‌లో అతని కోసమే కచేరీ పెట్టించాడు. అయినా లాభం లేకపోయింది.

1974లో మెగ్ పాటర్సన్ అనే స్కాట్లండు సర్జన్ క్లాప్టన్‌కు చికిత్స చేసింది. ఆమె లుధియానా క్రైస్తవ వైద్య కళాశాలలో ఏళ్ల తరబడి పనిచేసి, ఆ తర్వాత హాంకాంగ్ వెళ్లిన మనిషి. అక్కడ 1972లో ఒక డాక్టరు నొప్పి తెలియకుండా ఉండాలని రోగులకు చెవి దగ్గర సూదులు గుచ్చి చిన్నపాటి కరెంటు ఇస్తుంటే, నల్లమందు అలవాటున్నవాళ్లు తమకు మందు మీదికి మనసు పోవడం లేదని చెప్పారట. పాటర్సన్ దాన్ని పట్టుకుని సొంత పద్ధతి తయారుచేసింది. ఆ పద్ధతికి శాస్త్రం గట్టి రుజువు ఇవ్వలేదు. కాని క్లాప్టన్ హెరాయిన్ మానేశాడు. ఒళ్లు బాగుపడాలని ఒక పొలానికి పంపిస్తే, పగలంతా అక్కడ కష్టం చేసి సాయంత్రం పబ్బులో తాగడం మొదలుపెట్టాడు. ఒక మత్తు ఖాళీ చేసిన చోట్లోకి ఇంకొకటి వచ్చి కూర్చుంది. 1976లో బర్మింగ్‌హామ్‌లో వేదికెక్కి వలస వచ్చినవాళ్ల మీద తాగి నోటికొచ్చినట్టు వాగాడు. ఆ మాటల మీది కోపమే ‘రాక్ ఎగైనెస్ట్ రేసిజం’ ఉద్యమానికి ఒక కారణం. తాగుబోతు మాట అని దాన్ని వదిలేయడం న్యాయం కాదు. అతను చాన్నాళ్లు దాన్ని గట్టిగా వెనక్కి తీసుకోలేదు కూడా.

1982 జనవరిలో అమెరికాలోని మిన్నెసోటా రాష్ట్రంలో హేజల్డెన్ అనే చికిత్సాలయంలో చేరాడు. బయటికి వచ్చి కొన్నాళ్లకు మళ్లీ తాగాడు. 1986లో కొడుకు కానర్ పుట్టాడు. 1987లో రెండోసారి అదే చోటికి వెళ్లాడు. ఆ తర్వాత మళ్లీ ముట్టలేదు. రెండోసారి గడువు అయిపోవస్తుంటే, బయటికి వెళ్తే మళ్లీ పడిపోతానన్న భయంతో గదిలో మోకాళ్ల మీద కూలబడి సాయం అడిగాననీ, ఆనాటి నుంచి పొద్దునా రాత్రీ అలా అడుగుతూనే ఉన్నాననీ అతను తన ఆత్మకథలో చెప్పుకున్నాడు. ఎవరిని అడిగాడన్నది అతనికే స్పష్టంగా లేదు.

1991 మార్చి 20న నాలుగేళ్ల కానర్ న్యూయార్క్‌లో 53వ అంతస్తు కిటికీ నుంచి పడిపోయాడు. అందరూ క్లాప్టన్ మళ్లీ సీసా పడతాడనుకున్నారు. అతను మద్యం మానినవాళ్ల సమావేశానికి వెళ్లి మాట్లాడాడు. అయిపోయాక ఒకామె దగ్గరికి వచ్చి, తాగడానికి తన దగ్గర మిగిలిన ఒకే ఒక సాకును అతను లాగేసుకున్నాడని చెప్పింది. పిల్లలకేమైనా అయితే తాగడానికి హక్కుంటుందని ఆమె అన్నాళ్లూ లోపల అట్టిపెట్టుకుందట. కానర్ మీద రాసిన పాట 1993లో గ్రామీ బహుమతులు గెలిచింది. 1998లో క్లాప్టన్ ఆంటిగ్వా దీవిలో క్రాస్‌రోడ్స్ అనే చికిత్సాలయం పెట్టి, మరుసటి ఏడాది తన గిటార్లు వంద వేలం వేసి దానికి డబ్బు సమకూర్చాడు.

ఆలిస్ ఆమ్స్‌బీ గోర్ 1995లో హెరాయిన్ మోతాదు మించి చనిపోయింది. ఒకే ఇంట్లో, ఒకే మందుతో మొదలైన ఇద్దరి కథ ఇది. విముక్తి కథలు చెప్పేవాళ్లు తరచూ ఈ రెండో సగం చెప్పరు.

గురువు మాట, డాక్టరు మాట

పీట్ టౌన్‌షెండ్ దారి వేరు. వేదిక మీద చెయ్యి గాలిమరలా తిప్పుతూ వాయించడం, చివరికి గిటారు నేలకేసి కొట్టి ముక్కలు చేయడం అతని ముద్ర. 1967 నాటికి అతను మెహెర్ బాబాను గురువుగా తలచాడు. మెహెర్ బాబా తెలుగువాళ్లకు పరాయివాడు కాడు. 1950లలో గోదావరి జిల్లాల్లో తిరిగాడు, కొవ్వూరులో ఆయన పేరిట కేంద్రం ఉంది. ఎల్ఎస్డీ మింగితే దేవుడు కనిపిస్తాడని పాశ్చాత్య కుర్రకారు నమ్ముతున్న రోజుల్లో, అది ఒంటికీ మనసుకూ ఆత్మకూ చేటని 1966లో ఖండితంగా చెప్పించినవాడు ఆయన. ఆ మాట విని టౌన్‌షెండ్ ఎల్ఎస్డీ మానేశాడు. 1969లో వచ్చిన ‘టామీ’ ఆల్బమ్ మీద గురువు పేరు వేశాడు. 1971లో ఒక పాటకు ఆయన పేరు కలిసేలా పేరు పెట్టాడు.

మద్యం సంగతి మాత్రం గురుభక్తికి లొంగలేదు. బృందంలో డ్రమ్ములు వాయించే కీత్ మూన్ 1978 సెప్టెంబరు 7న చనిపోయాడు. తాగుడు మాన్పించడానికి డాక్టరు రాసిచ్చిన హెమినెవ్రిన్ మాత్రలే అతని ప్రాణం తీశాయి. కడుపులో 32 దొరికాయి. పర్యవేక్షణ లేకుండా ఆ మందును ఇంటికిచ్చి పంపడం ఎంత ప్రమాదమో వైద్యులకు ఆ చావు నేర్పింది. ఆ తర్వాత మూడేళ్లలో టౌన్‌షెండ్ మందు, కొకైన్, చివరికి హెరాయిన్ దాకా వెళ్లి, 1982లో అదే మెగ్ పాటర్సన్ దగ్గర చికిత్స తీసుకున్నాడు. గురువు మాట అతన్ని ఒక మత్తు నుంచి తప్పించింది. ఇంకో మత్తుకు డాక్టరు కావాల్సి వచ్చింది.

తళుకుల ఎల్టన్

వేషంలో, ఆర్భాటంలో వీళ్లందరినీ తలదన్నినవాడు ఎల్టన్ జాన్. అసలు పేరు రెజినాల్డ్ డ్వైట్, 1947 మార్చి 25న లండన్ శివారు పిన్నర్‌లో పుట్టాడు. 1970 ఆగస్టులో లాస్ ఏంజెలెస్ ట్రూబడార్ క్లబ్బులో చేసిన కచేరీతో రాత్రికి రాత్రే తారాపథానికి ఎక్కాడు. 1972-75 మధ్య వరుసగా ఏడు ఆల్బములు అమెరికాలో మొదటి స్థానానికి వెళ్లాయి. ఈకల కోట్లు, అరచేతి వెడల్పు కళ్లద్దాలు, ఒకసారి న్యూయార్క్ సెంట్రల్ పార్కులో డొనాల్డ్ డక్ వేషం. 1975 అక్టోబరులో డాడ్జర్ స్టేడియంలో రెండు రోజులు, రోజుకు యాభై వేల మందికి పైగా జనం ముందు, తళుకులు కుట్టిన బేస్‌బాల్ దుస్తుల్లో పాడాడు. దానికి కొద్ది రోజుల ముందే నిద్రమాత్రలు గుప్పెడు మింగి ఈతకొలనులో దూకాడు. తిన్నది కక్కుకునే జబ్బు, కొకైన్, మద్యం మూడూ కలిసి పదిహేనేళ్లు అతన్ని తినేశాయి.

కలుషిత రక్తంతో తయారైన మందు వల్ల ఎయిడ్స్ సోకిన రయన్ వైట్ అనే అమెరికన్ కుర్రవాడు 1990 ఏప్రిల్ 8న కన్నుమూశాడు. చివరి వారం ఎల్టన్ ఆ కుటుంబం వెంటే ఉన్నాడు. కొడుకు చావు ఎదుట ఉన్నా ఎవరినీ నిందించని ఆ ఇంటివాళ్లను చూశాక తన బతుకు మీద తనకే రోత పుట్టిందని తర్వాత చెప్పుకున్నాడు. ఆ ఏడాది జులైలో షికాగోలోని పార్క్‌సైడ్ లూథరన్ ఆసుపత్రిలో చేరాడు. మూడు జబ్బులకూ కలిపి చికిత్స చేయడానికి ఒప్పుకున్న చోటు దొరకడమే కష్టమైందట. అక్కడ అతనికి మొదట ఎదురైన ఆటంకం బట్టలుతికే యంత్రం. అందులో బట్టలు వేసి తిప్పడం అతనికి రాలేదు. నలభై మూడేళ్ల మనిషి, కోటీశ్వరుడు, ఎలా ఉతుక్కోవాలో పక్క గదివాళ్లను అడిగి నేర్చుకున్నాడు. వ్యసనం గురించి వచ్చిన బోలెడు పుస్తకాలకంటే ఈ ముచ్చటే ఎక్కువ చెబుతుంది. మత్తులో ఉన్న ఏళ్లన్నీ అతని పనులు ఎవరో ఒకరు చేసిపెట్టేవాళ్లు. అతను చేయాల్సినవి రెండే: పాడటం, తీసుకోవడం. 1992లో ఎల్టన్ ఎయిడ్స్ రోగుల కోసం సంస్థ పెట్టాడు. ర్యాప్ గాయకుడు ఎమినెమ్ మత్తు మానుతున్న రోజుల్లో వారం వారం ఫోను చేసి కనుక్కున్నదీ ఎల్టనే.

టిగ్రెట్, పుట్టపర్తి

హార్డ్ రాక్ యజమాని ఐజాక్ టిగ్రెట్ టెనెసీ రాష్ట్రంలో పుట్టాడు. సంగీతకారుడు కాడు, వాళ్ల మధ్య బతికినవాడు. 1970లలో సత్యసాయి బాబాకు భక్తుడయ్యాడు. అందరినీ ప్రేమించు, అందరినీ సేవించు అన్న బాబా మాటను ఇంగ్లీషులో హోటల్ గోడ మీద రాయించాడు. దేశదేశాల హార్డ్ రాక్ కెఫేల్లో బీరు తాగుతూ బర్గరు తినేవాళ్లు తలెత్తితే కనిపించే అక్షరాలు అవి. పుట్టపర్తి నుంచి వచ్చాయని వాళ్లలో ఎందరికి తెలుసో. 1988లో తన వాటా అమ్మేసి ఆసుపత్రికి ఇచ్చాడు. ఆ సొమ్ము పది కోట్ల డాలర్లు దాటిందని పత్రికలు రాశాయి. 1990 నవంబరు 23న తన 65వ జన్మదినం నాడు బాబా ఏడాదిలో ఆసుపత్రి నడుస్తుందని ప్రకటించారు, నడిచింది. నక్షా ఇచ్చింది ఇంగ్లండు వాస్తుశిల్పి కీత్ క్రిచ్‌లో.

టిగ్రెట్ 1989లో మారీన్‌ను పెళ్లాడాడు. ఆమె బీటిల్స్ డ్రమ్మర్ రింగో స్టార్ మాజీ భార్య. రింగో తన భార్య బార్బరా బాక్‌తో కలిసి 1988 చివర్లో అరిజోనాలో చికిత్స తీసుకుని తాగుడు మానేశాడు. మరుసటి ఏడాదే కొత్త బృందం కట్టి ఊళ్లు తిరిగాడు. టిగ్రెట్ 1992లో నటుడు డాన్ ఐక్రాయిడ్‌తో కలిసి హౌస్ ఆఫ్ బ్లూస్ తెరిచాడు. ఐక్రాయిడ్ జోడీ జాన్ బెలూషీ పదేళ్ల ముందే హెరాయిన్, కొకైన్ కలిపి తీసుకుని చనిపోయాడు. టిగ్రెట్ చుట్టూ ఉన్న లోకం అది. బాబా మీద వచ్చిన ఆరోపణలతో 2004లో బీబీసీ తీసిన డాక్యుమెంటరీలోనూ టిగ్రెట్ కనిపిస్తాడు. ఆ ఆరోపణలను అనుయాయులు తోసిపుచ్చారు. ఏ కోర్టులోనూ అవి రుజువు కాలేదు. టిగ్రెట్ తన భక్తి చెక్కుచెదరదన్నాడు.

ఈ మెట్టకు వచ్చిన సంగీతకారుల్లో మేనార్డ్ ఫెర్గూసన్ ప్రత్యేకం. 1928లో కెనడాలో పుట్టిన ట్రంపెట్ వాద్యకారుడు. ఎవరూ అందుకోలేని తారస్థాయి స్వరాలతో జనాన్ని అదరగొట్టేవాడు. 1960లలో కొన్నేళ్లు కుటుంబంతో సహా న్యూయార్క్ దగ్గరి మిల్‌బ్రూక్ ఎస్టేటులో, ఎల్ఎస్డీ ప్రచారకుడు తిమోతీ లియరీ గుంపుతో కలిసి ఉన్నాడు. అక్కడి నుంచి భారతదేశం వచ్చి మదనపల్లె దగ్గరి రిషివ్యాలీ బడిలో పిల్లలకు సంగీతం చెప్పాడు. పుట్టపర్తి విద్యాసంస్థ కుర్రాళ్ల బ్రాస్ బ్యాండుతోనూ అనుబంధం పెంచుకున్నాడు. 1970లో అతని ఆల్బములో కర్ణాటక రాగం చలనాట వచ్చి చేరింది. 1977లో ‘రాకీ’ సినిమా పాట వాయించి రాక్ వినేవాళ్లకూ చేరువయ్యాడు.

జాజ్ విద్వాంసుడు జాన్ కోల్ట్రేన్ హెరాయిన్ వల్ల 1957లో మైల్స్ డేవిస్ బృందంలో చోటు పోగొట్టుకుని, ఫిలడెల్ఫియాలో తల్లి ఇంట్లో గది తలుపులేసుకుని మత్తు మానేశాడు. అదే ఏడాది తనకు దైవానుగ్రహం కలిగిందని 1965లో వచ్చిన ఆల్బము అట్ట మీద రాసుకున్నాడు. అతను పోయాక భార్య ఆలిస్ భారతదేశం వైపు తిరిగింది. స్వామి సచ్చిదానంద శిష్యురాలై, తర్వాత సత్యసాయి భక్తురాలై, కాలిఫోర్నియాలో ఆశ్రమం నడిపింది. 1994లో ఆ ఆశ్రమం పేరులో సాయి చేరింది. అక్కడ ఆమె పాడిన భజనల్లో నల్లజాతి చర్చి పాటల ఊపూ మన భజనగోష్ఠుల తాళమూ కలిసే ఉంటాయి. ఈ పరంపరలో వినదగ్గ సంగీతం ఒక్కటే ఎంచుకోమంటే ఈ వ్యాసకర్త ఓటు ఆలిస్‌కే.

మానడం ఎలా జరుగుతుంది

జాన్ కోల్ట్రేన్‌లా గది తలుపులేసుకుని మానడం వినడానికి గొప్పగా ఉంటుంది. అందరికీ చెప్పదగ్గ దారి కాదు. ముఖ్యంగా మద్యం విషయంలో. ఏళ్ల తరబడి రోజూ తాగిన మనిషి ఒక్కసారిగా ఆపితే చేతులు వణకడం, చెమటలు, నిద్ర పట్టకపోవడంతో ఆగదు. ఫిట్స్ రావచ్చు, లేనివి కనిపించవచ్చు, ప్రాణం పోవచ్చు. మన ఊళ్లలో గుడి ముందు ప్రమాణం చేయించి ఆ రాత్రి నుంచే ఆపించే పద్ధతిలో ఉన్న ప్రమాదం ఇదే. మొదటి వారం డాక్టరు కళ్లముందు గడవాలి. ఆ తర్వాత పని నెలలది, ఏళ్లది. మెదడులో సంతోషాన్ని గుర్తుపెట్టే డోపమిన్ దారి మత్తుకు అలవాటుపడి ఉంటుంది. మామూలు తిండి, పాట, పిల్లల మాట మళ్లీ రుచించడానికి టైము పడుతుంది. క్లాప్టన్ రెండుసార్లు వెళ్లాల్సి రావడం వింత కాదు. జబ్బు తిరగబెట్టడం దీనిలో మామూలే.

హేజల్డెన్, పార్క్‌సైడ్ రెండిట్లోనూ నడిచింది 1935లో అమెరికాలో మొదలైన ఆల్కహాలిక్స్ అనానిమస్ పద్ధతి. మానినవాళ్లు, మానాలనుకునేవాళ్లు గుండ్రంగా కూర్చుని, ఇంటిపేరు చెప్పకుండా, తమ సంగతి తాము చెప్పుకోవడం. ఫీజు లేదు. భారతదేశానికి 1957లో వచ్చింది.

తెలుగునాట మత్తు మీద పోరు ముందు ఆడవాళ్లు చేశారు. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో మొదలైన సారా వ్యతిరేక ఉద్యమం రాయలసీమ పల్లెలకూ పాకింది. 1993 అక్టోబరు 1 నుంచి సారా, 1995 జనవరి 16 నుంచి మద్యం మొత్తం నిషేధించారు. 1997లో మద్యనిషేధం ఎత్తేశారు. అంగడి మూయించగలిగిన ఆ ఉద్యమం వెంట, అలవాటుపడ్డ మగవాళ్లకు వైద్యం అన్న రెండో సగం రాలేదు. ప్రభుత్వం చేయాల్సిన పని అది, చేయలేదు. అనంతపురం, హిందూపురం వైపు నుంచి ఈ జబ్బుకు పెద్ద వైద్యం కావాలంటే ఇప్పటికీ బెంగళూరు నిమ్హాన్స్‌లోని వ్యసన చికిత్సా విభాగానికే బస్సెక్కుతారు. 2022 అక్టోబరు నుంచి అదే నిమ్హాన్స్ మార్గదర్శకత్వంలో టెలి మానస్ నడుస్తోంది. 14416కి ఫోను చేస్తే తెలుగులో మాట్లాడవచ్చు. మత్తుమందుల విషయానికి ప్రత్యేకంగా 14446 ఉంది. రెండూ ఉచితం.